మిషన్ కంట్ల బొట్టు

హలో… ఎవలు?… ఆ, నేనే బావ, ప్రతాప్‌నే. బామ్మర్ది గొంతు గూడ గుర్తువడ్తలేదా నీకు?

… లే లే, పరేషాన్ ఏం లేను. పొద్దుగాల గోదాంల గంత తమాషా అయినంక ఇంక పరేషాన్ కానీకి ఏం మిగిలింది?

… యాడనా? గోదాం గేటు ముందట చాయ్ హోటల్ల. అందరం గీడనే ఉన్నం. లోపటికి రానిస్తలేరు గదా. ట్రేనింగ్ బ్యాచ్ మొత్తానికి మొత్తం ఫేల్ అన్నరు, బయటికి తోలిండ్రు. నువ్వేడున్నవ్?

… మాకు ట్రేనింగ్ ఇచ్చిన కృష్ణారావు సారు క్యాబిన్లనా? ఏసీలనా?… సల్లగ ఉంటది తియ్యి. మాకు గీడ ఈగలు ఇసురుతున్నయి.

… ఏమైందంటే? నీకు తెల్వదా ఏమైందో?… తెల్సిగూడ నా నోటెంట ఇనాల్నా? అయితే ఇను. నాకేం పోయింది, మస్తు ఖుషీగ చెప్త.

కంపెనీ పెద్ద, బొంబాయి సాబు అచ్చిండు. కొత్త మిషన్ బటన్ ఒత్తిండు. రబ్బర్ పట్టా కదిలింది. మేం పెట్టెలు ఎయ్యాలె. మిషన్ కన్ను పెట్టె మీది గీతల చీటీ సదువాలె. సదివి, శామీర్‌పేట లారీది ఎడమకు నూకాలె, నిజామాబాద్ లారీది కుడికి నూకాలె. గదే మా పరీక్ష. పాసైనోనికి నౌకరి, ఫేలైనోనికి దండం… మేం ఏసినం బావ! నేర్పినట్టే ఏసినం. చీటీ మీదికి పెట్టి, సీదాగ ఏసినం. ఆ కన్ను సదువుతే గదా! సబ్బుల పెట్టె, బిస్కెట్ల పెట్టె, కొబ్బరినూనె పెట్టె… అన్నీ తెచ్చి ఒక్క మూలకే నూకింది. గుట్టయింది. గుట్ట మీదికెళ్ళి నూనె పెట్టె జారి, వచ్చి సాబు బూట్ల మీదనే పగిలింది.

… నవ్వుతలేను.

… సరే, జరంత నవ్విన. నువ్వుంటే నువ్వు గూడ నవ్వుదువు. సాబు ఒక్క కాలు మీద నిలవడి కృష్ణారావు సారు భుజం వట్టుకున్నడు. సారేమో "ఏం కాలేదండి, ఏం కాలేదండి" అనుకుంట రుమాలు తోటి బూటు తుడ్సుడు వెట్టిండు.

… ఆ, ఆ తర్వాత ఇంజనీర్లు టార్చి గొట్టి జూస్తే దొరికింది. కన్ను అద్దం నడిమిట్ల బొట్టు. కింద పసుపు, మీద ఇంత కుంకుమ. మొన్నటి ఆయుధపూజ బొట్టు. కండ్ల నిండ కుంకుమ వోస్తే మిషనేం సదువుతది, మనిషైనా ఏం సదువుతడు?

… హా… ఒక పేరు గావాల్నా సాబుకు?… ఒక్కటే పేరు… ఆ ఒక్కన్ని ఇంటికి వంపి, మిగిలినోళ్ళకు రేపు మళ్ళ పరీక్ష… అచ్చా. మంచి బేరమే. కూరగాయల మార్కెట్ల గూడ గింత జల్దీ తెగది.

… ఎవల పేరు మరి? నువ్వే చెప్పు, నువ్వు పెద్దమనిషివి.

… ఎవలు?

… ఎంకయ్య కాకదా!

… ఆగు. ఆగు బావ, నా మాట జర ఇను.

… అద్దం తుడ్సుడు ఆయన డ్యూటీ, ఎవలు గాదన్నరు? రోజూ పొద్దుగాల మెత్తటి గుడ్డ తోటి తుడుస్తడు. ఈ రెండు దినాల్నుంచి తుడ్వలె, అదీ నిజమే. మరి దేవుని బొట్టు బావ! మీ ఇంట్ల మోటరుకు పెట్టిన బొట్టు నువ్వు తుడుస్తవా? నీ జీపుకు పెట్టింది తుడుస్తవా? అదంతట అదే పోవాలె గని, మనం చెయ్యి వెడితే మంచిదా? మొన్న మీ డ్రైవర్ జీపు కడిగి బొట్టు పోగొడితే, వాని ఏడు తరాలను తిట్టలేదా నువ్వు? మా అక్క మనోరమ ముందటనే తిట్టినవ్.

… ఏంది? ట్రేనింగ్ ఇచ్చినంక గూడ తెల్వకపోతే ఎట్ల అంటున్నడా కృష్ణారావు సారు?… గా ట్రేనింగ్ ముచ్చట ఎత్తకు బావ, నాకు కడుపుల నొప్పి లేస్తది… చెప్పాల్నా? సారు పక్కకే ఉన్నడా? ఉండనీ.

మొదటి దినం ఏమన్నడు? "మీరు హమాలీలు కాదండి, అసోసియేట్లు అండి" అన్నడు. మావోళ్ళు ఖుషీ అయిండ్రు, జీతం పెరుగుతదని. పెరగలె, బనీను ఇచ్చిండ్రు. రెండోనాడు తెర మీద బొమ్మలు. సీతాకోకచిలుక బొమ్మ ఏసి, "మార్పును ప్రేమించాలండి" అన్నడు. శంకరయ్య పక్కకు తిరిగి, "గిదెప్పుడు లారీ ఎక్కుతది?" అని అడిగె… ఇంకొకనాడు ఆటన్నడు. ఒకలు వెనుకకు వడాలె, మిగిలినోళ్ళు వట్టుకోవాలె. నమ్మకం నేర్సుకునేటందుకట. ముందుగాల నేను వడ్త అని సారే వడ్డడు. మావోళ్ళు పుట్టినకాడికెళ్ళి బస్తాలు వట్టుకునెటోళ్ళు. సారును అట్లనే గాల్లె వట్టి, భుజానికెత్తి, పెట్టెల దొంతి మీద పండవెట్టిండ్రు. కిందికి దించుమని సారు ఒకటే మొత్తుకునుడు.

… లే, లే. అన్నీ నేర్సుకున్నం బావ, అదే నీకు చెప్తున్న. దుర్గాబాయి ఆ గీతలు సదివే తుపాకి వట్టి టీంక్ టీంక్ అనిపిస్తుంటే సారే చప్పట్లు గొట్టిండు. ఎంకయ్య కాక పెట్టెలు లెక్కవెట్టేటప్పుడు ఒకటి అనడు గదా, లాభం అంటడు. లాభం, రెండు, మూడు… గది గూడ ఇడిసిపెట్టి, సారు కోసం వన్, టూ అనుడు నేర్సుకున్నడు. ఈ వయసుల. మేం నేర్వలే అని ఎవలన్నా అంటే మాత్రం నాకు మండుతది.

… ముసలోడు, ఎట్లనన్న ఇయ్యాలనో రేపో దిగిపోయెటోడే… అంటున్నవా?… బావ, గీ మాట నువ్వు అనద్దు. ఇంకెవలన్న అంటే అననీ, నువ్వు అనద్దు.

ఆ మిషన్ నిలవడ్డ జాగల ఎవల అంగూరు తోట ఉండె? ఎంకయ్య కాకది. అత్వెల్లి ఊరంతట్ల గా తోట ఆఖరుకు అమ్ముడువోయింది. అమ్మనే అమ్మనని మొండికేసి కూసుంటే, మంచం మీద ఆయన పక్కకు కూసోని, చెయ్యి మీద చెయ్యేసి, "ఇంటికొక నౌకరి కాకా, నీ బతుకంత నౌకరి, నాది జిమ్మా, నేను జూసుకుంట" అన్నది ఎవలు? నేను నీ ఎనుక నిలవడి ఉన్న. నా చెల్క భూమి గూడ అదే మాట మీదనే ఇచ్చిన. ఇప్పుడు ఆ నౌకరి గుంజుకోనీకి మళ్ళ నువ్వే ఫోను జేస్తవా?

… అరుస్తలేను. గొంతు గట్లనే ఉంటది నాది.

… సరే. సల్లగనే అడుగుత. బొట్టు పెట్టింది ఎవలు?

… తుడ్వనోని ముచ్చట తర్వాత. పెట్టింది ఎవలు?

… అందరం పెట్టినం, నిజం. పట్టా కాళ్ళకు దుర్గాబాయి పెట్టింది. మోటరుకు నేను పెట్టిన. శంకరయ్య కరెంటు డబ్బాకు పెట్టిండు. గని ముఖ్య అతిథి అని ఒకలు అచ్చిండ్రు, తెల్ల బట్టలేసుకోని. నెత్తికి రుమాలు సుట్టిండ్రు, దండేసిండ్రు. కొబ్బరికాయ గొట్టి, బొటనవేలు కుంకుమల ముంచి, మిషన్ మొఖం యాడున్నదని ఎతికి ఎతికి… సక్కగ అద్దం మీదనే కుమ్మిండ్రు. ఎవలో గుర్తుకస్తలేదా?

… అగో, అచ్చింది. నువ్వే గదా!



… సాబుకు చెప్పద్దా? ఎందుకు?… వచ్చే గోదాంకు భూములు నీతోనే కొనిపిస్తరా?… గండిమైసమ్మ దగ్గరనా? ఓహో. అక్కడ గూడ ఇంటికొక నౌకరి ఇప్పిస్తవ్ గదా. పాపం, వాళ్ళకు సీతాకోకచిలుక ఇంక తెల్వది.

… నాకా? సూపర్వైజరా?… పరీక్ష లేకుంటనే?… నీ బొట్టు ముచ్చట చెప్పకుంటె ఇస్తరా, అట్లనే అంటున్నడా సారు?… నిజం చెప్తున్న బావ, నాకు ఆశ ఉన్నది. నేనేం సన్నాసిని గాను. ఇంట్ల ముగ్గురం తినెటోళ్ళం, చెల్క లేదు, గీ నౌకరి పోతే యాడికి వోవాల్నో నాకు తోస్తలేదు. భయమైతుంది. ఒట్టు బావ.

… అక్క మొఖం చూసన్న అంటవా… గా మాట ఇంక అనలేదేంది అనుకుంటున్న.

… ఎవలు చెప్పాలె సాబుకు? నేనేనా?… మా బ్యాచోడు ఒకలు నోటితోని చెప్తెనే సాబు నమ్ముతడా… అందుకా ఫోన్ జేసింది! నేనేమో బామ్మర్ది ఎట్లున్నడో కనుక్కుందామని జేసినవనుకున్న.

… కాకనా? నా ముందటనే కూసున్నడు. చాయ్ చల్లారవెట్టుకోని, గిలాస దిక్కే చూస్తుండు. మన మాటలన్నీ ఇనవడ్తున్నయి ఆయనకు… ఆగు బావ, ఏందో అంటుండు. జర ఆగు.

ఏంది కాకా?… ఎప్పుడు?… గుడ్డ వట్టుకోని పోయినవా? నిన్న పొద్దుగాల?… వద్దన్నడా?… ఎవలు వద్దన్నరు?… సక్కగ చెప్పు కాకా, ఏమన్నడు?… "అశుభం అండి, ముట్టుకోకండి, పెద్దవారు పెట్టిన బొట్టు"… అన్నడా?… మరి గింతసేపు నోరు మూసుకోని కూసున్నవేంది?… పెద్దసారు మీద చెప్తే ఏం బాగుంటదనా? నీ మంచితనం సల్లగుండ!

… ఆ, బావ. ఏం లేదు. చాయ్ ఇంకొకటి తాగుతవా అని అడుగుతుండు.

… తయారే. ఇయ్యి సాబుకు. మాట్లాడుత.

… హలో… నమస్తే సాబ్. జీ, ప్రతాప్… సాబ్, తెలుగుల చెప్త. కృష్ణారావు సారు మీకు హిందీల చెప్తడు… స్పీకర్ పెట్టిండ్రా? అచ్చా అచ్చా. కృష్ణారావు సార్, ఉన్నదున్నట్టు చెప్పున్రి సార్, మీకు దండం వెడ్త.

బొట్టు పెట్టింది మన ముఖ్య అతిథి విఠల్ రెడ్డి గారు. మా బావ. మీ పక్కకే కూసున్నడు. తెలిసి పెట్టలే, దేవుని మీద భక్తి తోటే పెట్టిండు. చెప్పున్రి సార్.

… ఏంది సార్, ఆగిండ్రు? ముఖ్య అతిథికి హిందీ దొరుకుతలేదా? చీఫ్ గెస్ట్ అనున్రి.

… ఇగ రెండోది. ఎంకయ్య నిన్న పొద్దుగాల గుడ్డ వట్టుకోని తుడ్వనీకి పోయిండు. ట్రేనింగుల నేర్పినట్టే పోయిండు. తుడ్వద్దు, అశుభం అని ఆపింది మీరు. కృష్ణారావు సార్, మీరే. మీరు ట్రేనింగ్ ఇచ్చిండ్రు, మీరే వద్దన్నరు, ఆయన మీ మాటే ఇన్నడు. గంతే. మీకు సదువున్నది, కొంపల్లిల ఇల్లున్నది, ఇది గాకపోతే ఇంకో కంపెనీ. కాకకు గీ గోదామొక్కటే ఉన్నది సార్. చెప్పున్రి.

… …

సార్. సార్! ఒక్క నిమిషం. నేను మా కాక మీద తప్పు చెప్పనే లేదు. మీ హిందీల "ఎంకయ్య కీ గల్తీ" యాడికెళ్ళి అచ్చింది?

… జీ సాబ్?… నై సాబ్, ఎంకయ్య కీ గల్తీ నై బోలా మై… హౌ సాబ్, హిందీ ఆతీ. హైదరాబాద్ కే బాజూవాలే హమ్, హిందీ నై ఆతీ తో కైసా?… బొట్టు, టీకా లగాయే సో హమారే బావ. ఎంకయ్య కపడా లేకే గయా. "పోంఛో నక్కో, తుడ్వద్దు" బోలే సో కృష్ణారావు సాబ్… సచ్ బోల్రూఁ సాబ్. సబ్ కే సామ్నే బోల్తూఁ.

… జీ… జీ… దోనో ఆతే సాబ్. అబ్బీచ్ ఆతే.

… హలో?… బావ, మళ్ళ నువ్వేనా?… తిట్టు. గట్టిగనే తిట్టు… గడప తొక్కద్దా? సరే, తొక్కను. అక్కను చూడబుద్దైతే శామీర్‌పేట అంగట్ల కలుస్త… నా నౌకరి గూడ పోతదా? పోనీ. ఎంకయ్య కాక ముందట కూసోని, ఆయన పేరు ఎట్ల చెప్పాలె బావ? నోరు రాలే నాకు. నీకెట్ల అచ్చిందో నువ్వే…

హలో?… హలో…

పెట్టేసిండు.

లే కాకా. సాబు మనిద్దర్ని లోపటికి రమ్మన్నడు. గా చాయ్ తాగి లే. తల ఎందుకు దించుతవ్? ముందట నువ్వు నడువు, నీ ఎంట నేనున్న.