రచన: ఏసురత్నమ్మ

1992 జూలై పదమూడున మన ప్రచార విభాగపు కళాబృందంలో నటిగా చేరిన శ్రీమతి ఏసురత్నమ్మ గారు, ముప్పై మూడు సంవత్సరాల సేవ అనంతరం ఈ నెలాఖరున పదవీ విరమణ చేస్తున్నారు. సర్వీసు రిజిస్టరులో వారి హోదా చేరిన నాడు ‘నటి’, నేడూ ‘నటి’. ఆ మాట అసంపూర్ణమని విన్నవించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

మానవపాడు దగ్గర కూలి కుటుంబంలో జన్మించిన వారు, తల్లిదండ్రులు వలస పోయిన ఏడాదుల్లో మేనత్త ఇంట పెరిగి పదో తరగతి పూర్తి చేశారు. గద్వాల చుట్టుపక్కల పౌరాణిక నాటకాల్లో రాణి వేషాలు కట్టి, మైకు లేకున్నా చివరి వరుసకు వినిపించే కంఠాన్ని సంపాదించుకున్నారు. అటువంటి కంఠానికి మన శాఖ ఇచ్చిన పాత్ర ఒక తాగుబోతుకు భార్య. అక్షరాస్యత అయినా, ఆరోగ్యమైనా, పై నుంచి వచ్చే ప్రతి నాటికలో ఆ భార్య ఏడవాలి. చివరన అధికారి వేషధారికి చేతులు జోడించి “మా కళ్లు తెరిపించారు సారూ” అనాలి. పదకొండేళ్లు వారు పలికింది ఆ ఒక్క వాక్యమే.

2003 వేసవిలో కొల్లాపూర్ దగ్గర ఒక ఊర్లో ప్రదర్శన. తాగుబోతు వేషం బృంద నాయకులు నరసింహ గారిది. ఆయన కొట్టడానికి వస్తున్నారు. వీరు గంజి గిన్నె పట్టుకుని ఏడుస్తున్నారు. ముందు వరుసలోని ముత్యాలమ్మ అనే పెద్దావిడ ఉండబట్టలేక లేచి, “ఏందే బిడ్డా, గంజి నీ చేతిలనే ఉన్నది గద, ఇంక ఏడ్సుడెందుకు?” అన్నది. రాణి వేషాలు కట్టిన చేయి ఆగలేదు. గంజి నరసింహ గారి నెత్తిన పడింది. అది చల్లారిన గంజే గానీ, ఆయన తన మాటలు మరిచిపోయి, “అక్కా, ఇది రాసి లేదు గదనే” అన్నారట. ఊరంతా నవ్వింది. వీరు నవ్వలేదు.

“గందుకే, రేపటిసంది నేనే రాస్త తమ్మీ.”

ఆమోదించిన పాఠాన్ని అతిక్రమించినందుకు సంజాయిషీ కోరుతూ మెమో వచ్చింది. తప్పయిందని ఒక్క ముక్క రాస్తే అంతటితో ముగిసేది. వారు ఏడు పేజీలు రాశారు. అది సంజాయిషీ కాదు, నాటిక. అందులో భార్య ఏడవదు. తాగుబోతుకూ ఒక గోడు ఉంటుంది. అధికారి జవాబు తోచక నిలబడతాడు. ఫలితంగా వారిని వేదిక దింపి రెండేళ్లు డిస్పాచ్ సెక్షన్‌లో కూర్చోబెట్టారు. తరువాత వచ్చిన అధికారికి నాగర్‌కర్నూల్ కార్యక్రమానికి అత్యవసరంగా నాటిక కావలసి వచ్చి, ఫైలులో ఉన్న ఆ ఏడు పేజీలే ఆడించారు. ప్రదర్శన జరిగినట్లు సర్పంచ్ సంతకం తీసుకోవడం మన ఆనవాయితీ. ఆనాటి సర్పంచ్ సంతకం కింద “మళ్లీ పంపగలరు” అని కూడా రాసిచ్చారు.

వలస మీద, అలంపూర్ వరద మీద, నల్లమల అడవిపనుల మీద మొత్తం తొమ్మిది నాటికలు వారి కలం నుంచి వెలువడ్డాయి. తొమ్మిదింటి మీదా ‘రచన: ప్రచార విభాగం’ అనే ఉన్నది. పదో తరగతి చదివిన నటికి రచయిత్రి హోదా నిబంధనల్లో లేదన్నారు. ఆ అక్షరాలు టైపు కొట్టినవాణ్ణి నేనే. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటివాణ్ణి. ఉద్యోగం పోతుందేమోనన్న భయంతో చెప్పినట్లే కొట్టాను. వారు కాగితం చూసి నన్ను తిట్టలేదు. “ఎవరు రాసిండ్రో ఊర్లకు ఎరుకే భాస్కరూ. గీ కాయితానికే తెల్వదు” అన్నారు. తిట్టినా బాగుండేది.

ఈ వీడ్కోలు సంచిక ముసాయిదా చూసిన పెద్దలు మెమో ప్రస్తావననూ, రచయిత్రి అన్న మాటనూ తొలగిస్తే శోభగా ఉంటుందని సూచించారు. వారిపై గౌరవంతోనే చెబుతున్నాను, తొలగించను. తొమ్మిది నాటికలనూ మళ్లీ టైపు చేసి, మొదటి పేజీ మీద ‘రచన: ఏసురత్నమ్మ’ అని పెట్టి, కార్యాలయ ఫైలులో దాఖలు చేశాను. అందుకు నన్ను సంజాయిషీ అడిగితే నేనూ ఏడు పేజీలు రాస్తాను.

భర్త జయపాల్ గారితో, కుమార్తె రేఖతో వారు ఆయురారోగ్యాలతో నిండు నూరేళ్లు జీవించాలనీ, వచ్చే నెల ఒకటో తేదీ నుంచి ఎవరి ఆమోద ముద్రా అక్కరలేని తమ పదో నాటికను మొదలుపెట్టాలనీ మనసారా కోరుకుంటున్నాను. అమ్మా, టైపు చేయడానికి నేనున్నాను. ఈసారి పేరే ముందు కొడతాను.

— భాస్కర్, టైపిస్టు, వనపర్తి