ముగ్గురికొక నైలాను చీర

"రేపటి పెండ్లికి ఏం కట్టుకోవాలో తెలీడం లేదు పెద్దమ్మా. బీరువా నిండా ఉన్నాయి, ఒక్కటీ నచ్చడం లేదు" అన్నాను. మంచం మీద పరిచిన నా చీరలను పక్కకు జరిపి, కాళ్ళు చాపుకుని కూర్చుంది మా పెదనాన్న భార్య. నవ్వడం మొదలుపెట్టింది.

నవ్వక ఏం జేయమంటావమ్మీ? ఇన్ని చీరలు ముందర పెట్టుకోని ఏడుపుమొగం పెట్టినావు. మేము ముగ్గురు తోడికోడండ్లం ఒక్క చీరకు కొట్లాడితిమి. నేను, ఓబుళమ్మ, మీ అమ్మ. నడవలో ఆ పాత ఫోటో తగిలించినాం జూడు, దాని కతే ఇది.

ఆంధ్రరాష్ట్రం పోయి ఆంధ్రప్రదేశ్ అయ్యి నాలుగైదేండ్లయింటాది. జమ్మలమడుగులో కాంపౌండరు పెండ్లాం నైలాను చీర కట్టుకోని మా ఈదిలో పోయింది. నీలం రంగు, ఎర్ర పూలు... కాదు కాదు, ఆమెది పచ్చది, నీలంది మాది. గాలికి తేలిపోతాంది. మాకేమో ఏడాదికి రెండు నూలు చీరలు, తడిస్తే గోనెపట్టంత బరువు. ఆ పొద్దు నుంచి మా ముగ్గురికీ అన్నం సయించలా.

అత్తనడిగితే, అదే, మీ జేజిని, ఏమనిందో తెల్సునా? "అది చీరా, ఉల్లిపొరా? నా ఇంట్లో కనపడిందా, పొయ్యిలో పెడతా!" అనె. ఆమె ముందర మీ జేజినాయనే నోరిప్పేటోడు కాదు.

శెనక్కాయలు పెరికినాంక మన్నులో మిగిలిన కాయలు ఏరుకుంటారు గదా, పరిగె. అది ఆడోళ్ళది, మొగోళ్ళు అడిగేది లేదు. ఆ యేడు ముగ్గురం ఎండలో వంగి వంగి ఏరితిమి. అమ్మితే వచ్చిన దుడ్లు ఒక చీరకే సరిపాయె. సరే, ఒకటే కొని వంతులేసుకుందామంటిమి.

కొనాలంటే ప్రొద్దుటూరు పోవాల. పంటినొప్పని ఓబుళమ్మ చెంప పట్టుకునె. తోడు నేను. బస్సు దిగినాంక గూడా చెంప ఇడ్సలా! అంగట్లో కూర్చోని చీరలు పరిపిస్తాంటే, శెట్టి ఆమె మొగం జూసి, "పంటి డాక్టరు పక్క ఈదిలో ఉండాడు తల్లీ" అనె. నవ్వి నవ్వి చస్తిమి.

తెచ్చి జొన్నల గాదెలో దాచిపెడితిమి. అత్త రాని పెండ్లిండ్లకు నేనొకసారి, ఓబుళమ్మ ఒకసారి కట్టుకుంటిమి. మీ అమ్మ వంతొచ్చేసరికి కడుపుతో ఉండె. నువ్వు గాదు, మీ అన్న. నైలాను కడుపుమింద నిలస్తాదా? జారిపాయె. "నా వంతు అట్లే పెట్టండక్కా" అనె పాపం.

ఆ మరుసటేడు పులివెందులలో ఓబుళమ్మ తమ్ముని పెండ్లి. ముద్దనూరు మింద పొయ్యే బస్సెక్కి అందరం పోతిమి, అత్తతో సహా. ఆమెకు కండ్లు సరిగ్గా ఆనవులే, గుంపులో ఏం గుర్తుపడతాదని మా ధైర్యం. పొద్దున ఓబుళమ్మ, బంతి భోజనాలప్పుడు నేను, సాయంత్రం మెరవణికి మీ అమ్మ. నీళ్ళల్లో జాడిచ్చి దులిపితే ఆరిపొయ్యేది, అదీ దాని గొప్ప.

నేను నెయ్యి వడ్డిస్తాండా. ఫోటో తీసేటాయన కేకేసినాడు. "జమ్మలమడుగు కోడండ్లు ముగ్గురూ, అత్తా రండమ్మా, ఎల్తురు పోతాది!"

బతుకులో ఒక్క ఫోటో అమ్మీ. నైలానుతో పడేదెవరు? సామాన్ల గదిలోకి ఉరికితిమి. "మా తమ్ముని పెండ్లి, నాకియ్యి" అంటాది ఓబుళమ్మ. "నా వొంటి మిందుండాది, ఇప్ప పో" అంటా నేను. మీ అమ్మ పిల్లోని ఎత్తుకోని నిలబడింది. "నేనింతవరకు ఒక్కసారి గూడా కట్టుకోలేదక్కా" అనె, మెల్లగా. నాకు కోపమొచ్చె. అది నిజం గాబట్టే వచ్చె. సరేలెమ్మని ఇప్పి చేతికిస్తాండా, లంగా మింద నిలబడి. తలుపు తెరుసుకునె. ఎవరనుకుంటివి? అత్త!

ముగ్గురినీ జూసె, చీర జూసె. "ముగ్గురికీ ఒకటేనామే? కొనేదేదో కొంటిరి, ఒక్కటే కొంటిరా? కోడండ్లకు చీరలు బెట్టే గతి గూడా లేదంటారు మమ్మల్ని!" పొయ్యిలో పెడతాదనుకుంటిమి. చేత్తో తడిమి జూసె. చెంపకు ఆనించుకునె. "సల్లగుందే" అనె. "ఇట్లా తే. మీకెవరికీ లేదు. తలుపెయ్యి."

పోయి ఆ ఫోటో జూడు. కుర్చీలో నైలాను కట్టుకోని, నిక్కి కూర్చున్నేది మీ జేజి. ఎనక నూలు చీరల్లో మేం ముగ్గురం. కదలొద్దని ఆయన అరుస్తాంటే మాకు నవ్వు ఆగదే! అందుకే మీ అమ్మ మొగం అట్లా మసకబారింది.

మెరవణికా? మీ అమ్మే కట్టుకునె. అత్తే కూసోని కుచ్చిళ్ళు సర్దె. పులివెందులంతా తిరిగొచ్చె.

కొనుక్కోవడం తప్పని నేననను. మాకు దొరికింటే మేమూ బీరువాలు నింపుకోనుంటిమి. కొట్లాడేదానికి నీకు తోడికోడలు లేదు, అదీ నీ ఇబ్బంది.

ఆ నేరేడుపండు రంగుది, సన్నంచుది, ఇట్లా తే. రేపటికి నేను కట్టుకుంటా... అగో! మొగం జూడు! ఇప్పుడు తెలిసె గదా నీకేది కావాల్నో? లేదులే, ఇయ్యను. ఏమంటివి, నన్నే కట్టుకోమంటావా? నూరేండ్లు సల్లగుండు తల్లీ. ముందు పోయి తలుపెయ్యి.