భారతమ్మ ముఖానికి మా అమ్మ నోరు

ఆళ్లగడ్డ, మేజిస్ట్రేటు గారి ఎదుట. 2008 సెప్టెంబరు 24, బుధవారం. పగలు 11 గంటల 20 నిమిషాలకు మొదలుపెట్టినది.

నా పేరు ప్రసన్నకుమారి. మా నాయన పేరు దాసరయ్య, ఇప్పుడు లేడు. నాకు ఇరవై ఎనిమిదేండ్లు. ఆళ్లగడ్డలో శిల్పాలు చెక్కే వీధి మొదట్లో జిరాక్సు, కంప్యూటరు అంగడి పెట్టుకొని బతుకుతాండాను. ఫోన్లలో ఉండే ఫొటోలు కంప్యూటరులోకి ఎక్కించి, సీడీ చేసి, ప్రింటు తీసి ఇస్తాను. డిగ్రీ రెండో సంవత్సరంలో ఆపేసినాను. చదవడం, రాయడం వచ్చు.

చెప్పడం చెప్పకపోవడం నా ఇష్టమని, చెప్పినది నాకే ఎదురు తిరగొచ్చని అయ్యగారు రెండుసార్లు చెప్పినారు. ఆలోచించుకోమని గంటసేపు బయట బెంచీ మీద కూర్చోబెట్టినారు. ఆలోచించుకున్నాను. పోలీసులు నన్ను కొట్టలేదు, బెదిరించలేదు. నేను చెప్పేది చెప్పినట్టే రాయమని గుమాస్తా అన్నను అడిగినాను. ఆయన నా మాటలను సాపు చేస్తాండాడు. చేయొద్దన్నా.

గోస్పాడు మండలంలో ఒక పల్లెలో ఆదినారాయణ అని పెద్ద రైతు ఉన్నాడు. ఆయన భార్య భారతమ్మ ఈ సంవత్సరం మే 2న చనిపోయింది. ఆమె విగ్రహం చేయించి చేన్లో పెట్టాలని కొడుకు రాజశేఖర్ అనుకున్నాడు. రాతి పని కోసం మా ఊరికి వచ్చి బ్రహ్మయ్యాచారిని కలిసినాడు. ఫోన్లో అంత చిన్న ముఖం చూసి చెక్కలేను, పెద్ద ప్రింటు తీయించుకొని రా అని ఆచారి నా అంగడి చూపించినాడు.

మే 14, బుధవారం. మధ్యాహ్నం రెండు గంటల పది నిమిషాలు. రాజశేఖరన్న గుండు మీద వెంట్రుకలు అప్పుడప్పుడే వస్తాండాయి. ఫోన్ నా చేతికి ఇచ్చి ఇట్లన్నాడు.

"ఇరవై మూడు ఉండాయి మ్మా. మా అమ్మవి ఇవే. ఇంకెక్కడా లేవు."

కెమెరా కనబడితే ఆమె కొంగు అడ్డం పెట్టుకునేదంట. ఓటరు కార్డులో చూస్తే ముఖం నల్లగా మరక. ఫోన్లో ఫొటో పడుతుందని ఆమెకు తెలియదు. కొడుకు ఏదో నంబరు వెతుక్కుంటాండాడు అనుకొని నవ్వుతా కూర్చున్నది. అట్లా పడినవి ఆ ఇరవై మూడు. ఒకటి తెరిచి చూపించినాడు. నేను ఒక్క క్షణం చూసినాను. చేటలో వేరుశెనక్కాయలు పెట్టుకొని ఉన్నది. నవ్వుతాండాది. అంతే గుర్తు. ఇంకాసేపు చూసి ఉంటే ఈ పొద్దు ఈడ నిలబడేదాన్ని కాదు.

వైరు తగిలించినాను. నా అంగడికి వచ్చే పల్లెలోళ్లంతా ఒకటే మాట చెప్తారు, ఫోన్ నిండిపోయింది, ఖాళీ చేసి ఇయ్యి పాపా అని. మూడేండ్లుగా అదే పని. అందుకని నా చెయ్యి కాపీ నొక్కదు, కట్ నొక్కుతుంది. కట్ అంటే ఫొటో ఈ పక్క ఎక్కుతానే ఆ పక్క పోతుంది. ఆ అన్న ఖాళీ చెయ్యమనలేదు. నన్నెవరూ అడగలేదు. చెయ్యి అదే నొక్కింది, నేను చూసుకోలేదు.

తెర మీద ఒక సంచిలోంచి కాగితాలు లేచి ఇంకో సంచిలోకి ఎగురుతా పోతాంటాయి. ఎండకాలం మధ్యాహ్నం, బయట టక్కు టక్కు టక్కు అని ఉలి చప్పుడు, గాలిలో రాతి దుమ్ము. దాన్ని చూస్తాంటే నాకు ఎప్పుడూ కండ్లు మూతలు పడతాయి. రాజశేఖరన్న కూడా గోడకు ఆనుకొని అట్లే చూస్తాండాడు. వాళ్లమ్మ ఒక్కొక్క కాగితంగా దాటుకుంటా పోతాండాది.

రెండు గంటల ఇరవై ఐదు నిమిషాలకు కరెంటు పోయింది. రోజూ మూడింటికి తీసేవాళ్లు. ఆ పొద్దు ముందే తీసినారు. నా యూపీఎస్ బ్యాటరీ ఉగాదికే చచ్చిపోయింది, కొత్తది వేయించలేదు. అది నా తప్పు.

నీకు తీరినప్పుడు రా అన్నా, ఫోన్ ఈడనే పెట్టు అన్నాను. ఆయన సిమ్ తీసుకొని ఫోన్ నా దగ్గర పెట్టి పోయినాడు. నాలుగింటికి కరెంటు వచ్చినాక చూస్తే ఫోన్లో ఒక్కటీ లేదు. కంప్యూటరులో ఇరవై మూడు పేర్లు పడినాయి గానీ బొమ్మలు పూర్తిగా ఎక్కేలోపలే కరెంటు పోయింది, ఒక్కటీ తెరుచుకోదు. అంగడి షట్టరు సగం దించి లోపల కూర్చుని ఏడ్చినాను.

మరుసటి దినం, మే 15, కంప్యూటరు డబ్బాను ఒడిలో పెట్టుకొని ఆరున్నర బస్సుకు నంద్యాల పోయినాను. శ్రీనివాస సెంటర్ దగ్గర మిద్దె మీద నరసింహులు అని కంప్యూటర్లు బాగు చేసే ఆయన ఉన్నాడు. పోయిన ఫైళ్లను వెతికి తెస్తాడు. సాయంత్రం ఐదున్నర దాకా వెతికినాడు. ఇరవై రెండు రాలేదు. ఒకటి వచ్చింది. అది పైనుంచి కిందికి మెల్లగా దిగింది. ముందు పాపిట. తర్వాత నుదురు, బొట్టు, కనుబొమ్మలు. తర్వాత కండ్లు. తర్వాత ముక్కు. ఆడికి ఆగిపోయింది. కింద అంతా బూడిద రంగు.

"అంతే పాపా. ఉండేది ఇంతే" అని నరసింహులన్న చేతులెత్తేసినాడు.

ఆ కండ్లు నవ్వుతాండాయి. నోరు లేకుండా కండ్లు మాత్రం నవ్వుతాంటే ఎట్లుంటుందో నేను చెప్పలేను. శిరివెళ్ల దాటే దాకా బస్సులో నేను నా నోటి మీద చెయ్యి పెట్టుకొనే కూర్చున్నాను.

నిజం చెప్పేసి ఉండాల్సింది. చెప్పలేదు. భయపడినాను. ఇరవై మూడూ పోగొట్టినానని ఆ గుండు తల మనిషికి ఏ నోటితో చెప్పాల?

మా అమ్మ పేరు సరస్వతమ్మ. అరవై మూడేండ్లు. గంప నెత్తిన పెట్టుకొని వీధుల్లో బొరుగులు అమ్ముతుంది. పింఛను కార్డు కోసం ఆమె ఫొటో నేనే తీసి కంప్యూటరులో పెట్టుకున్నాను. ఆ ఫొటోలో అమ్మ నవ్వుతాండాది, నేను ఏదో అంటే. మే 16న పగలంతా కూర్చొని భారతమ్మ ముక్కు కింద మా అమ్మ నోరు, గదవ అతికించినాను. రంగు కలిపినాను. అంచులు సాపు చేసినాను. తప్పని తెలుసు. తెలిసే చేసినాను. అతుకు కుదిరినాక చూస్తే నిజంగా ఒక మనిషి నన్ను చూసి నవ్వుతాండాది. లోకంలో లేని మనిషి.

17న రాజశేఖరన్న వచ్చినాడు. వైరస్ వచ్చి మిగిలినవి పోయినాయి, ఇదొక్కటే దక్కింది అన్నా అని అబద్ధం చెప్పినాను. ఆయన ప్రింటు పట్టుకున్నాడు. చూపు కండ్ల కాణ్ణే నిలబడిపోయింది, కిందికి దిగలేదు. ఏడ్చినాడు. "మా అమ్మే. ఒకటి చాల్లే మ్మా" అన్నాడు. నేను దుడ్లు తీసుకోలేదు.

ఆచారి ప్రింటు మీద గళ్లు గీసుకొని నల్లరాతిలో పని మొదలుపెట్టినాడు. "ఈ నోరు నేను యాడనో చూసినా పాపా" అన్నాడు ఒకసారి. ఆయన రోజూ ఆ నోటితోనే బేరమాడి బొరుగులు కొనేది. నేను మాట తప్పించినాను.

ఆగస్టు 22, శుక్రవారం, ఉదయం తొమ్మిదింటికి విగ్రహాన్ని ట్రాక్టరు ఎక్కిస్తాండారు. పసుపు కుంకుమ పెట్టి, మెడలో బంతిపూల దండ వేసినారు. మా అమ్మ గంపతో అదే దారిన వచ్చింది. గంప దించి చాలాసేపు చూసిందంట. ఇంటికి వచ్చి అద్దం తీసుకుంది. తర్వాత నన్ను పిలిచింది.

"ఏందే, నా నోరు ఆ రాయికెందుకుండాది?"

అంతా చెప్పినాను. అమ్మ తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండు. మా అమ్మ తిట్లు వీధి చివరికి వినబడతాయి.

"బతికుండేదానికి దండేస్తారా మ్మే? రోజూ దీపం పెడ్తారంటనే. నన్ను చంపి కూచోబెట్నావు గదే" అని గోడ పక్కకు తిరిగి పండుకుంది.

ఆ పొద్దు నుంచి గంప ఎత్తలేదు. మజ్జిగ నీళ్లు తప్ప ఏమీ ముట్టలేదు. సంగటి చేసి పెడితే "చచ్చినోళ్లకు సంగటేంది" అంటుంది. ఆస్పత్రిలో సూది వేసినారు, రోగమేమీ లేదన్నారు. ఇరవై నాలుగు దినాలకు మా అమ్మ చెయ్యి నా చేతిలో పుల్ల మాదిరి అయింది. నాకు ఉండేది అమ్మ ఒక్కతే. ఈమె కూడా పోతే నేను చంపినట్టే గదా అని నాకు పగలూ రాత్రీ అదే ధ్యాస.

సెప్టెంబరు 15, సోమవారం. ఆచారి లేనప్పుడు ఆయన పని కాడినుంచి ఒక ఉలి, ఒక సుత్తి అడగకుండా తీసుకున్నాను. నంద్యాలలో బస్సు మారి గోస్పాడులో దిగి, ఆటోలో పోయినాను. చేను చేరేసరికి పన్నెండు గంటల నలభై నిమిషాలు. ఎండ తెల్లగా ఉంది. చుట్టూ పత్తి చేలు, మనిషి అలికిడి లేదు. చేను మధ్యలో చిన్న రేకుల కొట్టం, దాని కింద విగ్రహం. దగ్గరికి పోయేకొద్దీ మా అమ్మ నవ్వు పెద్దదవుతా వచ్చింది. కలలో నడిచినట్టే నడిచినాను. విగ్రహం వెనక ఒక పెద్దాయన కూర్చొని ఉన్నాడని దగ్గరికి పోయేదాకా చూడలేదు. ఆయన ఆదినారాయణ.

"ఎవరు పాపా? చేతిలో ఏంది?"

ఆయన ముందర కూర్చొని మొత్తం చెప్పినాను. కట్ నొక్కినది, కరెంటు పోయినది, నోరు అతికించినది.

"నాకు తెలుసు" అన్నాడు ఆయన. "నలభై ఐదేండ్లు చూసిన నోరు నాకు తెలీదా? దించిన పొద్దే తెలుసుకున్యా."

"మరి చెప్పలేదేం పెద్దనాయనా?"

"నా కొడుకు అంత ఇష్టంగా చేయించినాడు. వానికేం చెప్పేది? కండ్లు దానివే. కండ్లను చూసుకుంటా కూచుంటాండా." మళ్లీ ఆయనే అడిగినాడు. "ఆ నోరు ఎవర్ది?"

"మా అమ్మది."

"ఉండాదా?"

"ఉండాది పెద్దనాయనా. దండేసినారని బువ్వ మానేసింది. పోయేటట్లుంది."

ఆయన లేచినాడు. విగ్రహం మెడలోని దండ తీసి పక్కన పెట్టినాడు. దీపం ఆర్పినాడు. "బతికినోళ్లకు దండేయడమేంది, ఛీ" అన్నాడు. ఉలి అడిగి తీసుకొని విగ్రహం పెదాల మీద పెట్టినాడు. రెండో చేత్తో సుత్తి ఎత్తలేకపోయినాడు.

"నేను పట్టుకుంటా. నువ్వు కొట్టు" అన్నాడు.

కొట్టినాను. మూడు దెబ్బలు. మూడో దెబ్బకు నోరు ఊడి కింద పడింది. ఆ ముక్కను ఆయన తీసి తుడిచి పంచె రొంటిలో పెట్టుకున్నాడు. పైన కండ్లు అట్లనే నవ్వుతాండాయి. ఉలి పట్టినది ఆయన అని స్టేషనులో నేను చెప్పలేదు. ఈడ చెప్తాండాను, ఎందుకంటే ఆయన ఎస్ఐ గారికి తానే చెప్పుకుంటే కొడుకు "మా నాయనకు మతి చలించింది" అన్నాడు. ఆయనకు మతి బాగుంది. నాకంటే బాగుంది.

సాయంత్రం ఇంటికి పోయి తీసేసినాం అమ్మా అని చెప్పినాను. నువ్వు అబద్ధాలదానివి, నమ్మను అనింది. మళ్లీ గోడ పక్కకు తిరిగింది. నేను ఇంకేం చేయాలో తెలియలేదు.

సెప్టెంబరు 16, మంగళవారం, ఉదయం పదిన్నరకు ఆదినారాయణ గారు అడ్రసు కనుక్కొని మా ఇంటికి వచ్చినాడు. ఎండలో నడిచి వచ్చి ఒగరుస్తాండాడు. గడపలో నిలబడి రొంటిలోంచి రాతి ముక్క తీసి మా అమ్మ మంచం మీద పెట్టినాడు.

"నీది నీకు తెచ్చిచ్చినా మ్మా. తప్పయింది" అన్నాడు.

అమ్మ లేచి కూర్చుంది. రాయిని చేత్తో తడిమింది. తర్వాత ఆయన్ను కిందినుంచి పైదాకా చూసింది. గుంటలు పడిన బుగ్గలు, వదులైన చొక్కా. మా అమ్మకు వచ్చినోళ్లను అడిగే అలవాటు ఉండాది, అందర్నీ అడుగుతుంది, కరెంటు బిల్లు తెచ్చినోన్ని కూడా.

"ఏమప్పా, బువ్వ తిన్యావా?"

ఆయన గడప మీద కూర్చున్నాడు. అప్పుడు అన్నాడు.

"మా ఇంట్లో అందురూ తిను తిను అంటారు మ్మా. తిన్యావా అని అడిగినోళ్లు లేరు, అది పోయినాక. ఇంకొక్కసారి అడుగు."

మా అమ్మ అడిగింది.

"లేదు మ్మా" అన్నాడు ఆయన.

"మ్మే, సంగటి పెట్టు. ఇద్దరికీ" అని అమ్మ నన్ను కేకేసింది. ఆ కేక వీధి చివరికి వినబడి ఉంటుంది.

వాళ్లు తింటాంటేనే రాజశేఖరన్న ఇద్దరు పోలీసులను తీసుకొని వచ్చినాడు. నోరు ఊడిన విగ్రహం చూసి కేసు పెట్టినాడంట, నన్ను చేను కాడ దించిన ఆటో ఆయన నా ఆనవాలు చెప్పినాడంట. అప్పుడు పదకొండు గంటల ఐదు నిమిషాలు. ఆయన వాకిట్లోనే నిలబడిపోయినాడు. వాళ్ల నాయన రెండో ముద్ద అడిగి పెట్టించుకుంటాండాడు. కానిస్టేబులన్న నన్ను రమ్మన్నాడు. ఆయన తినేదాకా ఆగు అని రాజశేఖరన్నే ఆపినాడు. అందరం ఆగినాం.

నేను చెప్పినది ఇంతే. దీనిని నాకు చదివి వినిపించినారు, రెండు చోట్ల సాపు చేసిన మాటలను మళ్లీ నా మాటలుగా మార్పించుకున్నాను. ఇందులో ఎవరినీ కాపాడడానికి కలిపినది లేదు, ఎవరికీ భయపడి దాచినది లేదు. ఇది నిజమని ఒప్పుకొని కింద సంతకం పెడుతున్నాను.

(సం.) డి. ప్రసన్నకుమారి
పగలు 1 గంట 5 నిమిషాలు