రెండు బేతేళ్ళు

బేతేలు ఇల్లా? ఏ బేతేలు బిడ్డా? కిరాయికి చూడనీకె వచ్చినవా? జెర కూసో, ఎండల వడి వచ్చినవ్. గీ గల్లీల రెండు బేతేళ్ళున్నయ్. ఈ కొసకు రోసమ్మ టీచర్‌ది, ఆ కొసకు మేబెల్‌ది. బేతేలంటే దేవుని ఇల్లని రోసమ్మనే చెప్పింది నాకు. రెండిండ్లకు తలుపులు నేనే చేసిన, వడ్ల బ్రహ్మచారి అంటే లాలాగూడల ఎవరైనా చెప్తరు. ముందుగాల పేరు వెట్టింది రోసమ్మ. మల్ల క్రిస్మస్‌కు మేబెల్ సుత గదే పేరు చెక్క మీద రాయించె. చెక్కింది నేనే, నాకేమెరుక? రోసమ్మ నన్ను నిలవెట్టి కడిగింది. "లోకంల ఇంకో పేరే దొర్కలేదా ఆమెకు?" మేబెల్ ఏమో, "దేవుని ఇల్లు ఆమె ఒక్కదానికే రాసిచ్చిండా?" గంతే, మాటలు బంద్. చర్చిల ఒకటే బెంచి మీద కూసునేది, నడుమ ఒక మనిషి పట్టేంత జాగ ఇడిసి.

ఏందీ? ఆఁ, అదే చెప్తున్న. మేబెల్ పెనిమిటి రిచర్డ్, రైల్వే వర్క్‌షాపుల చేస్తుండె. మనిషికి పానం బాగలేకుంటయితే ఇల్లు తాకట్టు వెట్టిండ్రు, మారేడ్‌పల్లి షావుకారు తాన. అప్పు తీరలే, షావుకారు కోర్టుకు పోయిండు, గీయన దేవుని తానికి పోయిండు. కోర్టు ఇల్లు వేలం వెయ్యమన్నది. కోర్టు వేలమంటే ఊకె వెయ్యరు బిడ్డా. ముందుగాల ఆ ఇంటి ముంగట డప్పు కొట్టి చెప్పాలె, తలుపుకు కాయితం అంటియ్యాలె. పది మందికి ఎరికైతెనే కదా, ధర వచ్చేది. ఒకనాడు పొద్దుగాల కోర్టు అమీను వచ్చిండు, డప్పు తుకారాంను ఎంటవెట్టుకొని. గప్పుడే మున్సిపాలిటోళ్ళు ఇంటి నంబర్లన్నీ మార్చిండ్రు, అందుకని పేరు అడిగిండు. ఎవడో రోసమ్మ ఇల్లు చూపిచ్చిండు. నేను ఆడనే కిటికీ సాపు చేస్తున్న. "బేతేలు ఇదేనా అమ్మా?" "చెక్క కనిపిస్తలేదా?" అన్నది బియ్యం ఏరుకుంటనే. "కొట్టురా తుకారాం." వాడు వాయించిండు. అమీను మేబెల్ పెనిమిటి పేరు సదువుతుంటె నేను నోరు తెరవబోయిన. రోసమ్మ ఒక్క చూపు చూసింది, నోట్లె మొలను మింగేటోన్ని. తలుపుకు కాయితం అంటియ్యనిచ్చి, వాండ్లకు చాయ్ సుత పోసి పంపింది. పోయినంక నాతోని మెల్లగ అన్నది, "చారీ, రిచర్డ్ పోయి నెల కాలేదు. ఆ పిల్ల వాకిట్ల గిప్పుడు డప్పు మోగాల్నా?" కండ్లల్ల నీళ్ళు. ఎంటనే, "నువ్వు నోరు మూసుకొని పని చూడు."

ఇగ చూడు పరేషాన్. సదువుకున్నోడెవడు, కాయితం చూసినోడెవడు, డప్పు మోగింది ఆమె ఇంటి ముంగట, అప్పు ఆమెదే అన్నరు. కిరాణం ఎల్లమ్మ పాత బాకీ ఇయ్యమన్నది. పాస్టరయ్య ఇంటికొచ్చి, "ప్రభువా, ఈ సహోదరిని అప్పుల నుంచి విడిపించు" అని పెద్ద ప్రార్థన చేస్తె, పండ్లు కొరుక్కుంట ఆమేన్ అన్నది. వేలానికి షావుకారు మనిషి తప్ప ఒక్కడు రాలే. పెంకుల ధరకు పాడుకున్నడు. గని కోర్టు మంజూరు చేస్తెనే అమ్మకం ఖాయం. మేబెల్ వకీలు, ఆమె ఇంటి ముంగట డప్పే కొట్టలేదన్నడు. కొట్టినం అన్నడు అమీను. గప్పుడు లేచింది రోసమ్మ, క్రిస్మస్‌కు కట్టే తెల్లచీర కట్టుకొని. "కొట్టిండ్రు సార్. నా ఇంటి ముంగట." జడ్జి సాబ్ ఊకుంటడా? "మరి అప్పుడే చెప్పొద్దా అమ్మా?" "బేతేలేనా అని అడిగిండ్రు, అవునన్న. అప్పున్నదా అని అడిగితె లేదంటుంటి." కోర్టు కోర్టంత నవ్వింది. జడ్జి సాబ్ మూతికి రుమాలు అడ్డం వెట్టుకున్నడు. ఆ వేలం రద్దు చేసి మల్ల సరిగ్గ వెయ్యమన్నడు. గది వేసేలోపల రిచర్డ్ రైల్వే పైసలొచ్చె, మేబెల్ కోర్టుల కట్టె, ఇల్లు దక్కె.

ఆ సాయంత్రం మేబెల్ కేకు పట్టుకొని ఈ వాకిట్ల నిలవడ్డది. "కేకు ఆడ వెట్టు. కాయితం గోందు మరక నా తలుపుకు వడ్డది, నువ్వే రంగెయ్యి" అన్నది రోసమ్మ. వేసింది మేబెల్, తెల్లారి తనే కూసొని. ఆ తలుపు మీది నీలం గదే. మల్ల మేబెల్ నన్ను పిలిచి తన ఇంటి పేరు చెక్క తీసెయ్యమన్నది. "బేతేలు ఒక్కటే ఉండనీ, అక్కదే." నేను మొలలు పీకుతున్న. రోసమ్మ ఉరికొచ్చింది, చెంగు సుత చూసుకోలే. "ఎవరు తియ్యమన్నరు? పేరు తీస్తె, రేపు మల్ల నీ మీదికి డప్పొస్తె నా ఇంటికెట్ల వస్తది?"

మల్ల కొట్టిన ఆ మొలలే.

...

ఆఁ, కిరాయికి ఇచ్చేది నీలం తలుపుదే. తాళం నా తానే ఉన్నది, పా. నల్లా దినం ఇడిసి దినం వస్తది, ముందుగాలనే చెప్తున్న.