కొయ్య పాదాలు

షాంఘైలోని ఆ స్టూడియోలో నిన్నటిదాకా హీరోయిన్ వేషాలన్నీ కట్టినవాడు మగవాడే. ఈ రోజు ఆయన పొయ్యి మీద టీ నీళ్ళు పెట్టి సామాను సర్దుకుంటుంటే, ఆయన స్థానంలోకి వచ్చిన అమ్మాయి తలుపు తోసుకుని వచ్చింది. అవమానంతో ఆమె చెవులు మండుతున్నాయి.

“నాకు నడక నేర్పండి మాస్టారూ.”

“వేషం లాక్కున్నది చాలక పాఠం కూడానా? సిగ్గులేదూ?”

“ఉంది కాబట్టే మండుతోంది! పుట్టిందే ఆడపిల్లగా. అయినా నా నడక ఆడదాని నడకలా లేదట. మీ దగ్గర నేర్చుకు రమ్మని డైరెక్టరు అందరి ముందూ అన్నాడు.”

“నన్ను పొమ్మన్న నోటితోనే?”

“ఆ నోటితోనే.”

“ఆ పెట్టె తెరువు.”

“ఇవేంటి, కొయ్య చెప్పులు? పసిపిల్లకైనా పట్టవు!”

“పసితనంలోనే గుడ్డలతో బిగించి చిన్నవిగా చేసిన కట్టు పాదాల ఆడదానిలా నడవాలని చిన్నప్పుడు మా నాటకాల గురువు వీటిని నా కాలివేళ్ళకి కట్టాడు. ఏడిస్తే బెత్తం. సినిమాల్లోనూ లంగా కింద ఇవే.”

“నొప్పి పుట్టదా?”

“నొప్పి లేకపోతే ఆ వయ్యారం ఎక్కడిదే పిచ్చిదానా! ఆ డైరెక్టరు మురిసిపోయింది ఆడనడక చూసి కాదు, పడిపోకుండా నేను పడ్డ తంటా చూసి.”

“మా అమ్మ ఆ కట్టు పాదాలతో కుంటుతూనే బతికింది. నానమ్మ నా పాదాలు కట్టబోతే అమ్మే ఆ గుడ్డలు లాక్కుని పొయ్యిలో పడేసింది. మళ్ళీ ఇవా నాకు?”

ఆయన వంగి పొయ్యిలో మంట చూశాడు.

“టీ నీళ్ళు ఇంకా కాగలేదు. ముందు ఎడమ కాలిది పొయ్యిలో వెయ్యి. నన్ను ఎక్కువ ఏడిపించింది అదే.”