ఎద్దు గుండెలో తలుపు తీసినవాడు

శనివారం పొద్దున్న వ్లాస్తా మారెక్ బేకరీ వసారాలో చేరేవాళ్ళకి కాఫీ ఒక వంక. వాళ్ళు వచ్చేది ఆల్బిన్ కుబేనా కోతలు వినడానికి. టెక్సస్‌లో కోతలు కొయ్యనివాడంటూ లేడు గానీ, ఆల్బిన్‌లా కత్తి నూరుకుని కూర్చునేవాడు ఆ చుట్టుపక్కల ఇంకొకడు పుట్టలేదు. డెబ్బై తొమ్మిదేళ్ళొచ్చాయి. మోకాళ్ళు అరిగాయి గానీ నాలుక అరగలేదు.

ఆ శనివారం వ్లాస్తా కూడా వసారాలోకి వచ్చింది. తొమ్మిది రోజులుగా ఆవిడ మొహంలో నవ్వు లేదు. మనవరాలు రోజలికి నాలుగేళ్ళు. నడక వచ్చిన దగ్గర్నుంచీ ఆ పిల్ల కాళ్ళు తడబడేవి, కాస్త జ్వరం తగిలితే చాలు తడిగుడ్డలా వాలిపోయేది. నెలల తరబడి పరీక్షలు చేసి, హ్యూస్టన్ డాక్టర్లు చివరికి జబ్బు పేరు చెప్పారు. ఆ రోజు నుంచీ రొట్టె లేదు, చక్కెర లేదు, బంగాళాదుంప లేదు. వెన్న, మీగడ, గుడ్డు, బేకన్, అవి కూడా త్రాసులో తూచి పెట్టాలి. నలభై ఏళ్ళుగా ఊరందరికీ కొలాచెలు, అంటే నడుమ పళ్ళ గుజ్జు పెట్టిన చెక్ తీపి రొట్టెలు, చేసి పెట్టిన మనిషి, సొంత మనవరాలికి ఒక్క ముక్క పెట్టకూడదు. పిండి పిసుకుతున్నంతసేపూ ఆవిడకి చేతులు తనవి కానట్టుండేవి.

రోజలి బెంచీ మీద కూర్చుని కాళ్ళూపుతూ బేకన్ నములుతోంది. ఉత్తరాలిచ్చే డార్లీన్ సంచీ దించి, ఆ పిల్ల తల నిమిరింది.

"ఏం జబ్బన్నారు వ్లాస్తా? నాకు నోరు తిరగలేదు."

"పైరువేట్ డీహైడ్రోజనేస్," అంది వ్లాస్తా. తొమ్మిది రోజులుగా ఫ్రిజ్ మీద అంటించుకుని బట్టీపట్టిన పేరు. "తిన్న చక్కెరని ఒంట్లో మండనిచ్చే యంత్రమట. దీనికి సరిగా పనిచెయ్యదట."

ఆల్బిన్ కప్పు కింద పెట్టాడు.

"ఓస్, అదా! ఆ యంత్రం గుట్టు విప్పింది నేనే కదా!"

"మొదలెట్టాడు," అన్నాడు ఎడ్విన్. ఎడ్విన్ ఆల్బిన్ భార్యకి తమ్ముడు. బావ కోతల్ని యాభై ఏళ్ళుగా వింటున్నాడు, ఒక్కటీ నమ్మలేదు, ఒక్క శనివారమూ మానలేదు.

"నువ్వుండరా. డార్లీన్, నువ్వు విను. పంతొమ్మిదొందల అరవై ఆరులో నేను కబేళాలో పనిచేసేవాణ్ణి. ఆస్టిన్‌లో ఒక ప్రొఫెసరుకి అప్పుడే కోసిన ఎద్దు గుండెలు కావాలన్నారు. ఐసు పెట్టెల్లో సర్ది, బండిలో వేసుకుని పోయి ఇచ్చొచ్చేవాణ్ణి."

"బయల్దేరిన మాట నిజమే," అన్నాడు ఎడ్విన్. "బండి మా నాన్నది."

"చూశావా, వీడే సాక్షి! సరే, ఒకరోజు పెట్టె దించి తిరిగొస్తుంటే లోపల ఒకటే గోల. ఏమిటా అని తొంగి చూశాను. ఏడుగురు ప్రొఫెసర్లు జుట్టు పీక్కుంటున్నారు. గుండెల్ని రుబ్బి, వడగట్టి, అందులోంచి ఆ యంత్రాన్ని బయటికి తీశారు. అది కాసేపు పనిచేస్తుంది, కాసేపు మొరాయిస్తుంది. చక్కెర తింటాం కదా, దాన్ని సగం విరగ్గొట్టి ఒళ్ళు ఈ యంత్రం ముందు పడేస్తుంది. ఇది తలుపు తీసిందా, లోపల పొయ్యిలో పడి మండుతుంది. తియ్యలేదనుకో, బయటే పడి పులిసిపోతుంది. ఎందుకు తీస్తోందో, ఎందుకు మూస్తోందో ఏడుగురికీ అంతు చిక్కలేదు. నేను టోపీ తీసి, అయ్యా, దానికెవడో గొళ్ళెం పెడుతున్నాడండీ అన్నాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"బయటికి గెంటారు," అన్నాడు ఎడ్విన్.

"కుర్చీ వేశారు! నేను చెప్పాను, మా నాన్న పశువుల దొడ్డి దగ్గర ఇద్దరుండేవాళ్ళండీ, దొడ్డి నిండితే ఒకడు గొళ్ళెం పెడతాడు, ఖాళీ అయితే ఇంకొకడు తీస్తాడు, ఇక్కడా అంతే, వంటికి శక్తి సరిపడా ఉందనుకోండి, ఒకడొచ్చి పెడతాడు, కావాలంటే రెండోవాడొచ్చి తీస్తాడు, పోయి వెతకండి అన్నాను. వెతికారు. ఇద్దరూ దొరికారు! పెద్ద ప్రొఫెసరు నా కాళ్ళ మీద పడబోతే, వద్దండీ, బూట్లకి కబేళా బురదుంది అని నేనే లేవదీశాను."

డార్లీన్ ఫక్కున నవ్వింది. వ్లాస్తా నవ్వలేదు గానీ, బల్ల తుడుస్తున్న చెయ్యి ఆగింది. హ్యూస్టన్ డాక్టరు గంటసేపు బొమ్మలు గీసి చెప్పింది ఇదే. ఈ కోతలరాయుడికి అది ఎక్కడ దొరికింది?

"మరి ఆ యంత్రాన్ని నువ్వు చూశావా ఆల్బిన్?" అంది డార్లీన్.

"చూడ్డమా! వాళ్ళు గది అంత మైక్రోస్కోపు పెట్టుకుని చూశారు. నేను ఉత్త కళ్ళతో చూశాను, అదీ ఒక కంట్లో నలుసు పడి ఉండగా. మన చర్చి గోపురంలా గుండ్రంగా ఉంది. దానికి చుట్టూ చేతులు. ఒక చెయ్యి అందుకుని పక్కదానికిస్తుంది, అది ఇంకోదానికి. పెళ్ళిలో కొలాచెల పళ్ళెం తిరిగినట్టు తిరుగుతోంది. నన్ను చూసి ఒక చెయ్యి ఊపింది కూడా."

"నువ్వూ ఊపావా?" అంది రోజలి.

"ఊపనా మరి! మర్యాద తెలియనివాణ్ణా? ఆ తర్వాత ఏమైందో తెలుసా? అన్ని గొళ్ళాలూ ఊడదీసే మందు ఒక చెంచాడు మిగిలితే ప్రొఫెసరు నాకు బహుమతిగా ఇచ్చాడు. మా దొడ్లో ఒక ముసలి ఎద్దుండేది, లేచి నిలబడ్డానికే పొద్దు గూకేది. దాని నాలుక మీద ఒక చుక్క రాశాను. అది లేచింది. ఒళ్ళు విరుచుకుంది. కంచె దూకింది. ఓక్లహోమా దాటింది, కాన్సస్‌లో ఒక గోధుమ చేను మేసింది, అక్కడి గాలిమరని కొమ్ముతో తిప్పింది, సాయంత్రానికి మా ఇంటికొచ్చి తొట్లో నీళ్ళు తాగింది. దాని వెనకే ఇద్దరు కాన్సస్ పోలీసులు."

"ఎద్దుకి చలాను రాశారా?" అన్నాడు ఎడ్విన్.

"రాద్దామంటే అది మళ్ళీ బయల్దేరింది! అసలు సంగతి విను. చెంచాకి ఇంకా కాస్త అంటుకుని ఉంది. పారేస్తే పాపం కదా? నాకేశాను."

"అయ్యో!" అంది డార్లీన్.

"అప్పుడు జనవరి. ఉత్తరపు గాలి ఎముకల్లో ఈలలు వేస్తోంది. నాకేమో ఒకటే ఆకలి. ఒంట్లో ఉన్న కోట్ల కోట్ల తలుపులు ఒక్కసారి బార్లా తెరుచుకున్నాయి, పొయ్యిలన్నీ భగ్గుమన్నాయి, వెయ్యడానికి కట్టెల్లేవు. ఈ బేకరీలో అప్పుడు వ్లాస్తా వాళ్ళమ్మ ఉండేది. మూడొందల నలభై కొలాచెలు తిన్నాను. ప్లమ్ పళ్ళవి అయిపోతే గసగసాలవి, అవి అయిపోతే ఆప్రికాట్‌వి. ఒక్క తులం ఒళ్ళు రాలేదు, మొత్తం మండిపోయింది. చొక్కా గుండీలు కరిగి కారిపోయాయి. ఊళ్ళోవాళ్ళంతా కుర్చీలు తెచ్చుకుని నా చుట్టూ కూర్చుని చలి కాచుకున్నారు. ఫాదర్ గారు నా టోపీ మీద గుడ్లు వేయించుకున్నారు. కరెంటువాళ్ళు వచ్చి నా రెండు చెవులకి రెండు తీగలు తగిలించారు, మూడు జిల్లాలకి దీపాలు! తుమ్మితే డాలస్‌లో బల్బులు పేలాయి. ఆ ఏడు ఫిబ్రవరిలోనే పీచ్ పళ్ళు పండాయి. ఎందుకో అని ఇప్పటికీ వ్యవసాయశాఖవాళ్ళు తలలు బాదుకుంటూనే ఉన్నారు."

రోజలి నోరంతా తెరిచి కిలకిలా నవ్వింది. ఆ నవ్వు విని వ్లాస్తాకి నవ్వాగలేదు. మొదట ముక్కులోంచి వచ్చింది, తర్వాత భుజాలు ఊగాయి, ఆఖరికి తుడిచే గుడ్డ కళ్ళకి అడ్డం పెట్టుకుని వంగిపోయింది. తొమ్మిది రోజుల బిగువంతా ఎక్కడో సడలినట్టు అనిపించింది ఆవిడకి.

ఆవిడ నవ్వడం చూసి ఆల్బిన్‌కి పూనకం వచ్చింది. కోతలు కోసేవాడికి మెప్పు అంటే ఎద్దుకి ఆ చెంచా మందే.

"అలాంటివాణ్ణి నేనుండగా, ఈ చిట్టితల్లి తలుపు నాకో లెక్కా? హ్యూస్టన్ ఎందుకు, డాక్టర్లెందుకు! ఒక్కటి, ఒకే ఒక్క ఆప్రికాట్ కొలాచె, నా చేత్తో పెడితే చాలు, ఆ గొళ్ళెం దానంతటదే..."

మాటతోపాటే చెయ్యి కూడా కదిలింది. పళ్ళెంలోంచి కొలాచె తీసి పిల్ల ముందు చాపాడు. రోజలి చెయ్యెత్తింది.

వ్లాస్తా బల్లకి అటువైపు నుంచి ఎలా వచ్చిందో ఎవరూ చూడలేదు. ఆల్బిన్ మణికట్టు ఆవిడ పిడికిట్లో ఉంది. నలభై ఏళ్ళు పిండి పిసికిన పిడికిలి అది.

"కింద పెట్టు."

పెట్టాడు.

"దీని తలుపుకి ఎవరూ గొళ్ళెం పెట్టలేదు ఆల్బిన్. తలుపే సరిగ్గా తయారవలేదు. నువ్వు పెట్టేది లోపలికి పోదు. బయటే పులిసి దీన్ని పడుకోబెడుతుంది. వెన్నా మీగడా అయితే వేరే గుమ్మంలోంచి పోతాయి. అందుకే అవి."

ఆల్బిన్ మొహం పాలిపోయింది.

"నేను... మాటల్లో పడి... పిల్లని నవ్విద్దామని వ్లాస్తా. వేరే ఏం లేదు."

కొలాచెల పళ్ళేన్ని పిల్లకి అందకుండా బల్ల అవతలికి తోశాడు. వ్లాస్తా అది చూసింది. కోపం ఎంత వేగంగా వచ్చిందో అంత వేగంగానే దిగింది. మనవరాలికీ తనకీ ఇవాళ నవ్వు తెచ్చిపెట్టింది ఈ మనిషే. అలాగని ఊరికే వదిలెయ్యడానికీ ఆవిడకి మనసొప్పలేదు. నడుం మీద చెయ్యి పెట్టుకుంది.

"అరవై ఆరు కథ మొదలెట్టావు కదా, ముగింపు నేను చెప్తాను. అది జనవరి కాదు, జూలై. నాకు పదిహేనేళ్ళు. డాన్సు హాలు ముందు ఎండలో నువ్వా బండి ఆపావు, ఒక్క పోల్కా ఆడి పోతానన్నావు. సూర్యుడు దిగేదాకా ఆడావు. ఐసంతా కరిగి రోడ్డు మీద కాలవ కట్టింది. నువ్వు ఆస్టిన్ వెళ్ళేసరికి గుండెలు కుళ్ళిపోయాయి. గేటు దగ్గర కాపలావాడే పెట్టె మూత తెరిచి, ముక్కు మూసుకుని నిన్ను వెనక్కి తరిమాడు. మర్నాడు కబేళావాళ్ళు ఉద్యోగం పీకేశారు. ప్రొఫెసర్ని కాదు గదా, ఆ ల్యాబు గుమ్మాన్ని కూడా నువ్వు ఒక్క రోజూ చూడలేదు!"

"మరి ఆ గొళ్ళాల సంగతంతా ఎలా తెలిసింది?" అంది డార్లీన్.

"పిల్ల జబ్బు పేరు తెలిసిన రోజు మా అక్కని కూర్చోబెట్టి కంప్యూటర్లో చదివించుకున్నాడు," అన్నాడు ఎడ్విన్. "మూడు రోజులు అదే పని. అర్థం కాకపోతే మళ్ళీ మొదట్నించీ చదవమనేవాడు."

వ్లాస్తా నడుం మీది చెయ్యి తీసేసింది.

"ఇక మా నాన్న బండి సంగతి వినండి," అన్నాడు ఎడ్విన్. "ఆ కంపు పోక, ఏడాదిపాటు ఇంటిల్లిపాదీ చర్చికి నడిచే వెళ్ళాం!"

డార్లీన్ సంచీ మీద పడి నవ్వింది. ఎడ్విన్ బల్ల చరిచాడు. ఆల్బిన్ మాత్రం తల దించుకుని టోపీ అంచు తడుముతూ కూర్చున్నాడు. రోజలి బెంచీ మీద జరుగుతూ జరుగుతూ ఆయన పక్కకి చేరింది. తన పళ్ళెంలో మిగిలిన ఆఖరి బేకన్ ముక్కని విరిచి సగం ఆయన చేతిలో పెట్టింది.

"బాబిచ్కా, ఆల్బిన్‌ది తూచక్కర్లేదు కదా?" అని అవ్వని అడిగింది.

"అక్కర్లేదమ్మా," అంది వ్లాస్తా. "కానీ నీ వాటా నువ్వే తినాలి. ఆయనకి నేను వేరే పెడతాను." ఆ ముక్కని తిరిగి పిల్ల పళ్ళెంలో వేసి, ఖాళీ అయిన ఆల్బిన్ కప్పులో కాఫీ పోసింది.

ఆల్బిన్ ఒక గుక్క తాగాడు. ఇంకో గుక్క తాగాడు. మెల్లగా నడుం నిటారైంది. కళ్ళు వసారా అంతా ఒకసారి చుట్టొచ్చి, రోజలి దగ్గర ఆగాయి.

"సరే. గుండెలు కుళ్ళాయి. నలుగురిలో ఒప్పుకుంటున్నాను. ఆల్బిన్ కుబేనా అబద్ధమాడే మనిషి కాదు," అన్నాడు. "కానీ ఎంత కంపు కొట్టాయో తెలుసా?"

వ్లాస్తా కుర్చీ దగ్గరికి లాక్కుంది.