నున్నటి నుదురు

చెల్లెలి స్కిన్ క్లినిక్ గోడ మీద అమ్మ ఫొటోలు రెండు ఉన్నాయి. ఒకదాంట్లో నుదుటి నిండా ముడతలు, పక్కదాంట్లో అద్దంలాంటి నుదురు. కంటి డాక్టరైన అక్క వాటిని చూసి చెల్లెలి వైపు తిరిగింది.

"ముడతలు పోయే సూది అమ్మకెందుకు వేశావే?"

"తనే సరేనంది అక్కా. పదేళ్లు తగ్గింది చూడు."

"పైరెప్పలు వాలిపోయిన మనిషి ఇన్నాళ్లూ ఎలా చూసిందనుకున్నావు? నుదుటి కండరంతో కనుబొమలు పైకి లాక్కుని చూసేది. ఆ ముడతలు అందుకే పడ్డాయి. కనుబొమలెత్తే కండరం అదొక్కటే. దాన్ని కాస్తా చచ్చుబడేలా చేశావు."

"నేను రెప్పల సంగతి గమనించలేదు."

"ఎలా గమనిస్తావు? నీ కళ్లన్నీ ఈ గోడ మీదే ఉంటే."

"మందు మూడు నాలుగు నెలల్లో దిగిపోతుందిలే."

"పొద్దున ఒక చేత్తో రెప్పలెత్తి పట్టుకుని, రెండో చేత్తో అన్నం తింది. చూడలేక లేచొచ్చేశాను. అసహ్యమేసింది, ఆవిడ మీద కాదు."

చెల్లెలు లేచి గోడ దగ్గరకెళ్లింది.

"సరే, ఫొటోలు తీసేస్తాను. అమ్మ చూస్తే బాధపడుతుంది."

"చూస్తేగా," అంది అక్క.